ముగ్గురికీ ఒకటే ఫైలు

వీరాంజనేయులికి కూతురి గురించి గొప్పలు చెప్పుకోవడం చేతకాక కాదు. చెప్పుకోవడానికి చేతిలో వస్తువు లేక గిలగిల్లాడిపోతున్నాడు.

నాగాయలంక దిగువన, కృష్ణ ఒడ్డునున్న పాలెంలో అతనిది పెద్ద మాట. ఎన్నో ఏళ్ళుగా వేట బోటు నడిపే సరంగు. చుక్కాని అతని చేతిలో ఉందంటే కళాసీలు నిశ్చింతగా కునుకు తీస్తారు. అలాంటి మనిషి కూతురి మాట వచ్చేసరికి నీళ్ళు నమిలేవాడు. "మా దుర్గ బందరులో కంప్యూటర్ పని చేస్తంది" అనేవాడు. "ఏం పని?" అని అవతలివాళ్ళు అడిగారంటే ఆ తర్వాత మాట ఉండేది కాదు.

పక్కింటి సుబ్బారావుకి ఆ బాధ లేదు. అతని కొడుకు ఇన్వర్టర్లు బిగిస్తాడు. పాలెంలో ఏ ఇంట్లోకి వెళ్ళినా వాడు బిగించిన పెట్టె గోడవార కూర్చుని పచ్చలైటు చూపిస్తూ ఉంటుంది. కరెంటు పోవడమే ఆలస్యం, ఆ ఇళ్ళల్లో ఫ్యాన్లు తిరుగుతున్నంతసేపూ సుబ్బారావు మీసం మీద నుంచి చెయ్యి తీయడు. వీరాంజనేయులు తన ఇంటి అరుగు మీద కూర్చుని ఆ మీసాన్ని చూస్తూ లోపల్లోపల ఉడికిపోయేవాడు. నా కూతురు వీడి కొడుకు కంటే బాగా చదువుకుంది కదా, మరి అది చేసింది ఎక్కడుంది, ఎవరింట్లో ఉంది?

చేపల వేట నిషేధం రోజుల్లో బోటు ఒడ్డున ఉన్నప్పుడు, ఇంజన్ సామాన్ల కోసం బందరు వెళ్ళినవాడు ఆ సంగతేదో తేల్చుకుందామని కూతురి ఆఫీసుకి వెళ్ళాడు. కోనేరు సెంటరుకి దగ్గర్లో మేడ మీద రెండు గదులు. ఆ ఆఫీసు శ్రీకృష్ణది. నెమ్మదస్తుడు, జాగ్రత్త ఎక్కువ. ఉన్నది నలుగురు మనుషులు, వాళ్ళలో వీరదుర్గ ఒకతె. తండ్రికి కుర్చీ వేసి, టీ తెప్పించి, అతను అడిగిన 'ఏం పని?' అన్న ప్రశ్నకి దుర్గ జవాబు చెప్పింది.

"నాన్నా, బయటికి కనబడే స్క్రీన్లు వేరేవాళ్ళు చేశారు. గుడివాడలో బియ్యం మిల్లుకి ఒక ప్రోగ్రాం, పెడనలో కలంకారీ అద్దకం షెడ్డుకి ఒకటి, మన నాగాయలంకలో ఐసు ఫ్యాక్టరీకి ఒకటి. మూడూ వేరు వేరు. కానీ ఏ ప్రోగ్రాంకైనా వివరాలు దాచుకోవడానికి ఒక మనిషి కావాలి కదా. ఇది దాచు అంటే దాచాలి, అది ఇవ్వు అంటే తీసి ఇవ్వాలి. ఆ పని చేసే ఫైలు నాది. డీఎల్ఎల్ అంటాం. మూడు ప్రోగ్రాములూ దాన్నే వాడుకుంటాయి."

"అంటే ముగ్గురిళ్ళ సామాన్ల గదులూ నువ్వే చూసుకుంటన్నట్టు."

"అలాగే అనుకో."

"మరి నేను చూడాలంటే ఎక్కడ కనబడుద్ది?"

"కనబడదు నాన్నా. కనబడకుండా పనిచేస్తేనే అది బాగున్నట్టు."

వీరాంజనేయులి మొహం వాడిపోయింది. అది చూసి శ్రీకృష్ణ నవ్వి కుర్చీ దగ్గరికి లాక్కున్నాడు.

"మీ అమ్మాయి పట్టుదల గల మనిషండీ. ముగ్గురికీ విడివిడిగా ఫైళ్ళు రాయించేద్దాం, ఒకచోట దెబ్బ తగిలినా మిగతా ఇద్దరూ క్షేమంగా ఉంటారు అన్నాను నేను. ఈవిడ వినదే. ఒకటే ఉండాలంటుంది. ఒకచోట కనబడిన లోపం బాగుచేస్తే మూడుచోట్లా బాగైపోతుందంట. ఇప్పుడు దాన్ని మొదట్నుంచీ కొత్తగా రాసింది. సరే, చూద్దాం అన్నాను. మూడింట్లో ఏ ఒక్కటి తడబడినా ఈ ఫైలు పక్కన పెట్టేసి విడివిడిగా వెళ్ళిపోదాం. అదీ మా ఒప్పందం."

"తడబడదు సార్" అంది దుర్గ. "పరీక్షలన్నీ అయ్యాకే బయటికి పంపుతాను. రాస్తూ ఉండగా కరెంటు పోతే ఏమవుతుందో, అదొక్కటే ఇంకా చూడాలి."

ఈ మాటల్లో వీరాంజనేయులి చెవికి ఎక్కినవి రెండే. కొత్తది, బాగా రాసింది. మిగతావి అతని ఆనందంలో కొట్టుకుపోయాయి. వెళ్ళబోతూ గుమ్మంలో ఆగి, "ఆ ఫైలు నాకొకటి ఇయ్యమ్మా" అన్నాడు.

"నువ్వేం చేసుకుంటావు నాన్నా?"

"జేబులో పెట్టుకుంటా."

ఆ మాటకి దుర్గకి నవ్వొచ్చింది, నవ్వుతోపాటు ఇంకేదో కూడా వచ్చింది. తను ఇన్నాళ్ళు చేసిన పనిని అడిగి తీసుకున్న మొదటి మనిషి తండ్రే. వెంటనే పెన్ డ్రైవ్‌లోకి ఎక్కించి అతని చొక్కా జేబులో వేసింది. "నా పనంతా ఇందులోనే ఉంది. ఇంకా బయటికి పోలేదు, నీకే ముందు" అంది. అతను దారి పొడుగునా బస్సులో జేబు తడుముకుంటూనే కూర్చున్నాడు.

పాలెం చేరగానే తిన్నగా సుబ్బారావు ఇంటికే వెళ్ళాడు. వాళ్ళింట్లో లాప్‌టాప్ ఉంది. కొడుకు పెన్ డ్రైవ్ గుచ్చి, ఉన్న ఒక్క ఫైలు మీదా రెండుసార్లు నొక్కాడు. దీన్ని ఎలా తెరవాలో తెలియడం లేదు అన్న ముక్క ఇంగ్లీషులో వచ్చింది. మళ్ళీ నొక్కాడు. మళ్ళీ అదే వచ్చింది. సుబ్బారావు కళ్ళజోడు సవరించుకుని చూసి, "ఏం లేదుగా ఇందులో" అన్నాడు. ఎగతాళిగా కూడా అనలేదు, మామూలుగానే అన్నాడు. వీరాంజనేయులికి చెంప మీద కొట్టినట్టయింది. ఆ రోజు అన్నం కూడా సరిగ్గా తినలేదు.

తర్వాత నిషేధం ఎత్తేశారు. బోట్లు సముద్రంలోకి వెళ్ళి వచ్చాయి. ఆ పాలెంలో తొలి వేట చేపని అమ్మరు. పెద్దదైనా చిన్నదైనా వాటాలు వేసి గుమ్మం గుమ్మానికీ పంచుతారు. వేటకి వెళ్ళిన ఇంటికీ, వెళ్ళని ఇంటికీ, కిందటి వారం పోట్లాడుకున్న ఇంటికీ ఇవ్వాల్సిందే. ఒక గుమ్మం తప్పిందంటే ఆ ఇంటిని కులం నుంచి వెలేసినంత అవమానం, ఏడాదంతా మాటలుండవు. వీరాంజనేయులు ఈసారి కూడా తన వాటా చేపలు అలాగే పంచి, బోటుకి ఐసు ఎక్కించుకోవడానికి ఫ్యాక్టరీకి వెళ్ళాడు.

ఫ్యాక్టరీ ఆఫీసు గదిలో కంప్యూటర్ ముందు కూర్చునేది యాకోబు. ఏ బోటు ఎన్ని ఐసు దిమ్మలు తీసుకుందో అందులో ఎక్కించి చీటీ కొట్టి ఇస్తాడు. ఉండబట్టలేక వీరాంజనేయులు అతనికి పెన్ డ్రైవ్ చూపించి సుబ్బారావు ఇంట్లో జరిగింది చెప్పాడు.

"అలా తెరిస్తే ఏమొస్తది బాబాయ్" అన్నాడు యాకోబు. "దాన్ని ప్రోగ్రాం పక్కన పెట్టాలి. దుర్గ మేడం ఎప్పుడూ అలాగే పంపుతారు వాట్సాప్‌లో. పాతదాని మీద కొత్తది పెట్టమంటావా అని కంప్యూటర్ అడుగుద్ది, ఊఁ అని నొక్కడమే. ఇది కొత్తదేనా?"

"సరికొత్తది. ఇంకా ఎవరికీ ఇవ్వలేదంట. ముందు నాకే ఇచ్చింది."

"అయితే పెట్టేద్దాం."

యాకోబు ప్రోగ్రాం మూసి, ఫైలు మార్చి, మళ్ళీ తెరిచాడు. అది ముందు ఒక క్షణం ఆలోచించి, ఎప్పటిలాగే పాత చీటీలన్నీ వరసగా చూపించింది. వీరాంజనేయులి బోటు పేరు కొట్టగానే వివరాలు గభాల్న వచ్చేశాయి. "అబ్బో, మునుపటి మీద చురుగ్గా ఉంది బాబాయ్" అన్నాడు యాకోబు. ఆ ఒక్క మాటతో వీరాంజనేయులికి సుబ్బారావు, అతని మీసం, ఆ ఇన్వర్టర్లు అన్నీ మరుపున పడ్డాయి.

ఇక్కడితో ఆగి ఉంటే బాగుండేది. కానీ ఐసు ఎక్కించి ఇంటికి వస్తుంటే అతనికి ఒక ధర్మసందేహం పట్టుకుంది. దుర్గ ముగ్గురికీ ఒకటే ఫైలు అంది. తొలి వేట ఒకరికి ఇచ్చి ఇద్దరికి ఎగ్గొడితే ఆ ఇద్దరూ ఏమనుకుంటారు? నాగాయలంక తమ ఊరని ముందు ఇచ్చుకున్నారు, మేం పరాయివాళ్ళమా అనుకోరూ? కూతురి పేరు మీద అలాంటి మాట రావడం అతనికి ఇష్టం లేదు. పోనీ కూతురిని ఒక మాట అడుగుదామా అంటే, చేప పంచడానికి ఎవరైనా అడుగుతారా?

తెల్లారగానే థర్మాకోల్ పెట్టెలో ఐసు పరిచి, రెండు చందువా చేపలూ ఒక పండుగొప్పా సర్ది, పెన్ డ్రైవ్ జేబులో వేసుకుని బస్సెక్కాడు. చల్లపల్లి, పామర్రు మీదుగా గుడివాడ చేరి మిల్లు వెతుక్కుంటూ వెళ్ళాడు. మిల్లు యజమాని గోవర్ధనరావు మొదట చేపల వ్యాపారి అనుకున్నాడు. సంగతి తెలిశాక లేచి నిలబడ్డాడు.

"దుర్గ గారి నాన్నగారా? కూర్చోండి, కూర్చోండి. పోయినేడు మా ధాన్యం లెక్కలు తలకిందులైతే ఆ అమ్మాయే వచ్చి పొద్దుగూకులు కూర్చుని సరిచేసి వెళ్ళిందండీ. కాఫీ తెండ్రా నాన్నగారికి."

ఆ గౌరవానికి వీరాంజనేయులు కుర్చీలో సగమే కూర్చోగలిగాడు. చందువా ఇచ్చాడు, పెన్ డ్రైవ్ ఇచ్చాడు. గోవర్ధనరావు స్వయంగా ఫైలు మార్చుకున్నాడు. పెడనలో కూడా అదే మర్యాద. అద్దకం షెడ్డు నడిపే రేవతి, ఏ చీరకి ఏ అచ్చు పడింది, ఏ రంగు ఎన్నిసార్లు అద్దారు అన్నదంతా కంప్యూటర్లో పెట్టుకుంటుంది. ఆవిడ రంగు చేతులు తుడుచుకుని వచ్చి ఫైలు మార్చుకుని, అతన్ని భోజనం చేసి వెళ్ళమంది. షెడ్డులో ఆడవాళ్ళందరికీ "మన ప్రోగ్రాం రాసే దుర్గ గారి నాన్నగారు" అని పరిచయం చేసింది. బోటు నిండా చేప తెచ్చిన రోజున కూడా అతనికి ఇంత సంబరం లేదు.

మిగిలిన పండుగొప్ప కూతురి కోసం. పెడన నుంచి బందరు పక్కనే. మధ్యాహ్నానికి ఆఫీసు మెట్లెక్కి, పెట్టె కింద పెట్టి, ఆయాసం తీరకుండానే చెప్పేశాడు. "నీ ఫైలు ముగ్గురికీ పంచి వచ్చానమ్మా. ఒక్క గుమ్మం తప్పలేదు."

దుర్గ నవ్వుతూ తలెత్తింది. ఆ నవ్వు అలాగే ఉండిపోయింది, కళ్ళల్లో మాత్రం లేదు.

"ఏ ఫైలు నాన్నా?"

"నువ్విచ్చిందే."

"పెట్టేశారా? ముగ్గురూ?"

"ఊఁ. యాకోబు నిన్న సాయంత్రమే పెట్టాడు. చురుగ్గా ఉందన్నాడు."

ఆమె కుర్చీలో వెనక్కి వాలిపోయింది. పక్క గదిలోంచి శ్రీకృష్ణ వచ్చి గుమ్మంలో నిలబడ్డాడు. ఇద్దరి మొహాలూ చూశాక వీరాంజనేయులికి మొదటిసారి భయం వేసింది. "ఏం, తీసేసి పాతది పెట్టుకోమందామా?" అన్నాడు.

"కుదరదు నాన్నా. కొత్త ఫైలు పాత వివరాలని ముట్టుకుందంటే తన పద్ధతిలోకి మార్చుకుంటుంది. ఇంక పాత ఫైలు వాటిని చదవలేదు. ఇప్పుడు అది నిలబడాలి, లేదా ముగ్గురి లెక్కలూ మునగాలి."

శ్రీకృష్ణ కోప్పడలేదు. ఫోన్ తీసి గుడివాడకీ, పెడనకీ మాట్లాడాడు. బాగానే నడుస్తోందన్నారు. నాగాయలంకకి చేశాడు. ఎత్తలేదు. మళ్ళీ చేశాడు, మళ్ళీ ఎత్తలేదు. "ఒప్పందం గుర్తుంది కదా దుర్గా" అన్నాడు మెల్లగా. ఆమె తలూపి స్కూటీ తాళాలు తీసుకుంది.

బందరు నుంచి నాగాయలంక వరకూ వీరాంజనేయులు కూతురి వెనక స్కూటీ మీద కూర్చున్నాడు. చల్లపల్లి దాటారు, మోపిదేవి దాటారు. నారుమళ్ళ మీంచి వచ్చే గాలికి ఆమె చున్నీ కొంగు అతని మొహానికి తగులుతుంటే తీసి పక్కకి పెట్టడానికి కూడా చెయ్యి రాలేదు. తుఫాను నాడు చుక్కాని పట్టుకున్నప్పుడు కూడా అతనికి ఇంత దిగులు కలగలేదు. అప్పుడు ఏం చెయ్యాలో తెలుసు. ఇప్పుడు తన చేతులారా తన కూతురి పేరు నడి సముద్రంలో వదిలి వచ్చాడు, దాన్ని వెనక్కి తేవడం తన వల్ల కాదు. అవనిగడ్డలో ఆగి మళ్ళీ ఫోన్ చేశారు. యాకోబు ఎత్తలేదు.

ఎందుకు ఎత్తలేదో ఫ్యాక్టరీకి వెళ్ళాక తెలిసింది. ఆఫీసు గది కిటికీ దగ్గర సరంగులు, కళాసీలు, చేపలమ్మే ఆడవాళ్ళు గుమిగూడి ఉన్నారు. అందరూ ఒకేసారి మాట్లాడుతున్నారు. గదిలో కంప్యూటర్ చీకటిగా ఉంది. యాకోబు దుర్గని చూసి దణ్ణం పెట్టినంత పని చేశాడు.

"కరెంటు పోయింది మేడం. పున్నమ్మ పెద్దమ్మ చీటీ ఎక్కిస్తున్నా. అలా నొక్కాను, టప్పున ఆరిపోయింది. యూపీఎస్ బ్యాటరీ ఎప్పుడో చచ్చింది, మార్చమంటే మార్చలేదు. జనరేటర్ ఐసు గదికి తప్ప ఇటు రాదు."

దుర్గ తండ్రి వైపు చూసింది. ఆ చూపు అతనికి అర్థమైంది. ఆఫీసులో ఆమె అన్న మాట ఇప్పుడు చెవిలో మోగింది. రాస్తూ ఉండగా కరెంటు పోతే, అదొక్కటే ఇంకా చూడాలి.

కిటికీ బయట గొడవకీ కారణం ఉంది. కిందటేడు పాత ఫైలు ఉన్నప్పుడు ఇలాగే రాస్తుండగా కరెంటు పోయి, ఆ రోజు చీటీలన్నీ ఒకదానిలో ఒకటి కలిసిపోయాయి. ఒకరి ఐసు ఇంకొకరి పేరు మీద పడి, రేవులో రెండు బోట్లవాళ్ళు కలబడ్డారు. అందుకే దుర్గ ఆ ఫైలుని కొత్తగా రాయడానికి కూర్చుంది. ఇప్పుడు అందరికీ అదే గుర్తొచ్చింది.

"మళ్ళీ పోయినట్టేనా మా లెక్కలు?" అని ఒక సరంగు కిటికీలోంచి అడిగాడు.

"కరెంటు రానివ్వండి చిన్నాన్నా, చూద్దాం" అంది దుర్గ. చేతులు ఒళ్ళో గట్టిగా పట్టుకుని కూర్చుంది. వీరాంజనేయులు గోడకి ఆనుకుని నిలబడ్డాడు. కొండాలమ్మ తల్లికి మొక్కుకున్నాడు. ఈ ఒక్కసారికి గట్టెక్కించు తల్లీ, మళ్ళీ నోరెత్తి గొప్పలు చెప్పుకుంటే అడుగు.

కరెంటు వచ్చింది. బయట గోల చప్పున ఆగిపోయింది. కంప్యూటర్ మూలిగి, లేచి, తీరిగ్గా తెరుచుకుంది. యాకోబు లేవబోతే దుర్గ చేత్తో కూర్చోమంది. "నువ్వే తెరువు. రోజూ ఎలా తెరుస్తావో అలాగే."

యాకోబు నొక్కాడు. స్క్రీన్ తెల్లగా అయి అలాగే ఉండిపోయింది. ఎవరో చప్పరించారు. అంతలో వరసలు పడ్డాయి. బోట్ల పేర్లు, దిమ్మల లెక్కలు, కింద దాకా.

"ఎవరి లెక్క వాళ్ళు చెప్పండి" అంది దుర్గ కిటికీ వైపు తిరిగి. "యాకోబు చదువుతాడు. తేడా ఉంటే ఇప్పుడే అనండి."

ఒక్కొక్క సరంగూ ముందుకొచ్చి తన దిమ్మలెన్నో చెప్పాడు. యాకోబు వేలు పెట్టి చదివాడు. మొదటివాడిది సరిపోయింది. రెండోవాడు కావాలని ఒకటి తగ్గించి చెప్పి, యాకోబు సరైన లెక్క చదవగానే నవ్వేసి ఒప్పుకున్నాడు. అక్కడి నుంచి జనంలో బిగువు తగ్గింది. చివరికి పున్నమ్మ మిగిలింది. అవనిగడ్డ సంతలో చేపలమ్ముతుంది. వీరాంజనేయులికి వరసకి అక్క, నోరు పెట్టుకుంటే రేవంతా సర్దుకోవలసిందే.

"నాది చదవొద్దులే" అంది పున్నమ్మ. "నా చీటీ బయటికి రాకుండానే ఆరిపాయె. అందులో ఏముంటది నా మొహం."

యాకోబు కిందికి జరిపి చూశాడు. ఒకసారి కళ్ళు నలుపుకుని మళ్ళీ చూశాడు. "ఉంది పెద్దమ్మా. పున్నమ్మ, రెండు దిమ్మలు. అన్నిటికీ ఆఖర్న."

"కాగితం రాలేదుగా?"

"కాగితం రాకముందే నీ లెక్క దాచేసింది అత్తా" అంది దుర్గ. "ముందు పక్కన రాసి పెట్టుకుంటుంది. అది పూర్తయ్యాకే అసలు చోట రాస్తుంది. మధ్యలో కరెంటు పోతే, లేచాక పక్కన రాసుకున్నది చూసుకుని మిగిలింది పూర్తి చేస్తుంది. ఇందాక తెల్లగా ఆగింది చూడు, అప్పుడు నీదే రాస్తోంది."

పున్నమ్మ బుగ్గన వేలేసుకుంది. దుర్గ బయటికి నడిచి శ్రీకృష్ణకి ఫోన్ చేసింది. జరిగింది జరిగినట్టు చెప్పింది. తర్వాత అతను అన్నది, స్పీకర్‌లో ఉండటం వల్ల వెనకే వచ్చిన వీరాంజనేయులు కూడా విన్నాడు. "మూడుచోట్లా నిలబడింది, కరెంటు పోయి కూడా నిలబడింది. ఇంక విడివిడిగా అన్న మాట నేను ఎత్తను దుర్గా. ముగ్గురికీ నీ ఫైలే. కొత్తగా ఎవరొచ్చినా వాళ్ళకీ అదే."

అంతే, మొక్కు సంగతి వీరాంజనేయులికి గుర్తులేదు. గుండెల నిండా గాలి పీల్చుకుని జనం వైపు తిరిగాడు. "విన్నారా? కిందటేడు కొట్టుకు చచ్చారు కదా ఇక్కడ. ఇప్పుడు ఒక్క దిమ్మ అటూ ఇటూ అయిందా? నా కూతురు రాసింది అది. నేనే తెచ్చి పెట్టించా. గుడివాడలో కూడా నేనే..."

"నాన్నా, ఆగు."

గట్టిగా అరవలేదు దుర్గ. కానీ ఆ గొంతుకి కళాసీలు కూడా తిరిగి చూశారు.

"అది నిలబడింది కాబట్టి నువ్వు చేసింది ఒప్పయిపోదు. నిషేధం అయ్యాక బోటుని నీళ్ళలో దించుతావు కదా. నువ్వు ఒక చుట్టు తిప్పి, ఎక్కడైనా చెమ్మ ఊరుతోందేమో చూసుకోకుండా కళాసీలని ఎక్కిస్తావా?"

"ఎక్కించను" అన్నాడు వీరాంజనేయులు.

"మరి రేవతి గారినీ, గోవర్ధనరావు గారినీ, యాకోబునీ ఎందుకు ఎక్కించావు? నేను తిప్పి చూశానా లేదా అని అడిగావా? మునిగితే వాళ్ళకి ఈత వచ్చో రాదో అడిగావా? నీకు చూపించుకోవాలని ఉంది, నాకు తెలుసు. కానీ అందులో ఉన్నది నా గొప్ప కాదు నాన్నా, వాళ్ళ లెక్కలు. నీ చేతికి ఇచ్చింది నేను. అదీ తప్పే, ఆ మాట సార్‌కి ఇప్పుడే చెప్పాను. ఇంకెప్పుడూ నా ఫైలు నేను పంపితే తప్ప ఎవరింటికీ పోకూడదు."

వీరాంజనేయులిని అక్కడ అలా నిలబెట్టి మాట్లాడినవాళ్ళు ఇంతవరకూ లేరు. అలా మాట్లాడేది ఎప్పుడూ అతనే. కొత్త కళాసీ తాడు సరిగ్గా బిగించకపోతే, ఏమీ కాకపోయినా సరే, అందరి ముందూ నిలబెట్టి కడిగేవాడు. ఏమీ కాలేదుగా అని వాడు గొణిగితే మరింత కడిగేవాడు. అందుకే అతని బోటు మీద మనిషి పోయిన మాట ఇంతవరకూ లేదు. ఆ మాటలు, ఆ పద్ధతి, ఆఖరికి ఆ గొంతు కూడా ఇప్పుడు ఎదురుగా నిలబడి అతన్నే కడుగుతున్నాయి. గెలిచిన రోజున, నలుగురూ మెచ్చుకుంటున్న పూట కూడా ఆ పిల్ల ఎక్కడో ఉన్న రేవతి లెక్క గురించి ఆలోచిస్తోంది. వీరాంజనేయులికి సిగ్గు వేసింది. సిగ్గుతోపాటు పొంగుకొచ్చింది గర్వం, ఎంతంటే కళ్ళు తడిసిపోయేంత. ఇందాక చీటీలు సరిపోయినప్పుడు కూడా అతనికి ఇంత గర్వం కలగలేదు.

"తప్పేనమ్మా" అన్నాడు. తల దించుకుని, పెన్ డ్రైవ్ తీసి ఆమె చేతిలో పెట్టాడు.

దుర్గ దాన్ని సంచిలో వేసుకుని, ఆ బ్యాటరీ సంగతేదో చూద్దామని యాకోబు వెంట లోపలికి వెళ్ళింది. పున్నమ్మ ఐసు బుట్ట చంకకి ఎత్తుకుని తమ్ముడి దగ్గరికి వచ్చింది.

"ఏరా వీరాంజనేయులూ, ఇంతమందిలో కూతురి చేత తిట్లు తింటన్నావే, మాట పడనివాడివి."

"తిట్లు కాదక్కా" అన్నాడు అతను, కిటికీలోంచి కూతురినే చూస్తూ. "సరంగు మాట."